ఆఖరి పాట చివర నా గొంతు

దుర్గాసాయి ఫోన్ వచ్చేసరికి మా ఆయన స్టూలెక్కి దోమతెర తాడు మేకుకి కడుతున్నారు. నేను స్టూలు పట్టుకుని నిలబడ్డాను. స్టూలు గట్టిదే, పట్టుకోవాల్సిన పనేమీ లేదు. పెళ్లయి ఇంకా నెల తిరగలేదు, అంతే.

“ఒరేయ్ పాలూ, మన పాత పాటలన్నీ ఆల్బమ్‌గా వేస్తారటరా” అన్నాడు స్పీకర్లో. దోమతెర మొత్తం నా నెత్తిన పడింది.

మా ఆయన విజయ్ పాల్ ఇప్పుడు నిడదవోలులో లెక్కల మాస్టారు. రాజమండ్రిలో చదువుకునే రోజుల్లో మాత్రం ‘ఆఖరి లాంచీ’ అనే ఎమో బ్యాండ్‌లో పాడేవారు. గిటార్లు హోరెత్తిస్తూ, మనసులోని దిగులంతా గొంతు చించుకుని చెప్పుకునే పాటలు. డ్రమ్స్ దుర్గాసాయి. ఒకే ఒక్క ఆల్బమ్ తెచ్చి, ఉద్యోగాలొచ్చాక ఎవరి దారిన వాళ్లు పోయారు. అందులో చోటు దొరకని బి-సైడ్ పాటలు, సగం పాడి వదిలేసినవి అన్నీ ఏరి బెంగళూరులో ఒక చిన్న కంపెనీ ఇప్పుడు ఒకచోట వేస్తుందట. అట్ట మీదికి ఒక ఫోటో పంపమన్నారు. ఇంకొకటి కూడా అడిగారు. ఆఖరి పాట చివర ఒకమ్మాయి మాటలు వినిపిస్తున్నాయి, ఆవిడ సరేనంటేనే వేస్తాం అని.

నేను తెరలోంచి తల బయటపెట్టి “ఏ అమ్మాయండీ?” అన్నాను.

ఆయన ఫోన్‌లో పాట పెట్టారు. గిటార్ ఏడ్చి ఏడ్చి ఆగింది. వెనకాల వాన. ఆ వానలోంచి ఒక గొంతు.

“మీ ఏడుపు అయిపోతే కాస్త బయటికి దయచేస్తారాండి? కోత పండుగ పాటలు ప్రాక్టీస్ చేసుకోవాలండి. ఆ వైర్లు కూడా తీసేయండి, మా పిల్లలు తట్టుకుని పడతారు.”

నేనే. రాజమండ్రిలో మా చర్చి హాలు గంట లెక్కన అద్దెకి తీసుకుని, టైమ్ దాటినా వాళ్లు కదలని రోజది. మేమిద్దరం మాట్లాడుకున్న మొదటి మాటలవే. మాట్లాడుకోవడమేంటి, నేను తిట్టాను, ఆయన విన్నారు.

“ఇది చెరిపేశానన్నారుగా?”

“చెరిపేద్దామనే కూర్చున్నాను. ఒకసారి విన్నాను. మళ్లీ విన్నాను.” ఆయన చెవులు ఎర్రబడ్డాయి. “పాటకంటే అదే బాగుంది ఆశా.”

ఇంకెవరైనా అయితే అక్కడే సరేననేవారు. నాకు మాత్రం అత్తయ్య గుర్తొచ్చారు.

మాది రెండిళ్లకీ తెలిసిన తబిత ఆంటీ తెచ్చిన సంబంధమని అందరికీ తెలుసు. గోదావరి గట్టు మీద కూర్చుని ఎన్నో ఐస్‌క్రీములు కరిగించాక, మేమే ఆంటీని కాళ్లావేళ్లా పడి బతిమాలుకున్న సంగతి ఎవరికీ తెలియదు. మా అత్తయ్య జ్ఞానమ్మగారు ఇప్పటికీ చర్చిలో ఆడవాళ్ల మీటింగ్‌లో “నేను చూసిన పిల్లనే చేసుకున్నాడండి మావాడు” అని చెప్పుకుని మురిసిపోతారు. ఆ మురిపెం చూస్తే నాకే ముద్దొస్తుంది. ఈ పాట వింటే, బ్యాండ్ ఉన్న రోజులనుంచే మాకు పరిచయమని తెలిసిపోతుంది. ఆవిడ మనసు చిన్నబుచ్చుకుంటే నేను తట్టుకోలేను.

ఆ మాటే చెప్పాను. “పోనీ, ఆ పాట తీసేయమంటాలే” అన్నారాయన. మామూలుగానే అన్నారు. కానీ ఒకసారి కట్టిన ముడినే విప్పి మళ్లీ కడుతున్నారు. అన్నిటిలోకీ ఆయనకి ఇష్టమైన పాట అదే.

ఇక ఆగలేక ఫోన్ తీసుకుని వంటింట్లోకి వెళ్లాను. అత్తయ్య తోటకూర బాగుచేస్తున్నారు. ఒకటి వినిపిస్తాను, విన్నాక ఎంతైనా కోప్పడండి అని పాట పెట్టి, నేల చూస్తూ నిలబడ్డాను. ఏడుపు అయింది. వాన వచ్చింది. నా తిట్లు వచ్చాయి. ఆ వెంటనే స్టీలు గిన్నె ఏదో టంగుమంది, ఎవరో నవ్వు ఆపుకున్నారు. ఇందాక నేను ఆ చప్పుడు పట్టించుకోనేలేదు.

“ఆ నవ్వు నాదే” అన్నారు అత్తయ్య, ఆకు తుంపుతూ.

ఆ శనివారం హాస్టల్లో ఉన్న కొడుకు కోసం చేపల పులుసు క్యారియర్‌లో పెట్టుకుని రైలెక్కి వచ్చారట. హాలు వరండాలో గొడుగు ముడుస్తుంటే నా గొంతు వినపడి, చేతిలో క్యారియర్ గుమ్మానికి తగిలిందట.

“నేను పదిసార్లు పిలిచినా పలకని వెధవ, నువ్వు ఒక్కసారి అండి అనేసరికి వైర్లు చుట్టుకుంటున్నాడు. ఈ పిల్ల మనింటికి రావాలని ఆరోజే తబిత చెవిన వేశాను. మీరెప్పుడు వచ్చి అడుగుతారా అని అది కాచుకుని కూర్చుంది.”

“మరి మీటింగ్‌లో అలా చెబుతారేంటి?”

“అందులో అబద్ధమేముందమ్మా? వాడికంటే ముందు నచ్చావు నాకు.”

వెనక్కి తిరిగితే మా ఆయన భుజాన దోమతెరతో గుమ్మంలో నిలబడి ఉన్నారు. సరేనని దుర్గాసాయికి చెప్పేయండన్నాను.

“ఫోటో కావాలన్నారుగా” అన్నారు అత్తయ్య, తోటకూర పక్కకి జరిపి. “రేపు పొద్దున్న బండికి ముగ్గురం రాజమండ్రి వెళ్దాం. దుర్గాసాయినీ అక్కడికే రమ్మను. ఆ హాలు మెట్ల మీదే తీయించుకుందాం. క్యారియర్ నేను తెస్తాను. నువ్వు మాత్రం నవ్వకమ్మా, ఆరోజు చూసినట్టే చూడు వీడివంక.”