నాలుగూ పదికి చేరిన మెసేజ్

రాజలింగు వచ్చేసరికి విశాలాక్షి ఆఫీసు కిటికీలన్నీ మూసి ఉన్నాయి. 2011 అది. ప్రత్యేక రాష్ట్ర ఉద్యమం మంచి ఊపు మీద ఉంది. యూనివర్సిటీ వైపు నుంచి గాలి మళ్ళితే బాష్పవాయువు ఘాటు తార్నాక సందుల దాకా వచ్చేది.

టెలిఫోన్ల శాఖలో ముప్ఫై ఏళ్ళు పనిచేసి, ముందుగానే రిటైరయి, తన ఇంటి ముందుగదిలోనే డిటెక్టివ్ ఆఫీసు తెరిచింది విశాలాక్షి. ఆమె అసిస్టెంటు శాంసన్‌కి నలభై దాటాయి. ఇంతకుముందు కోర్టు దగ్గర టైపిస్టు. మేడమ్ అడిగే ప్రశ్నల్లో అనవసరమైనది ఒక్కటీ ఉండదని అతని గట్టి నమ్మకం.

వచ్చిన మనిషి కుర్చీ చూపించినా కూర్చోలేదు.

"ఒక మనిషి చావుకు నేను కారణమా కాదా, మీరు చూసి చెప్పాలె మేడం," అన్నాడు.

అతను చరిత్రలో రీసెర్చి చేస్తున్నాడు. ఊరు జగిత్యాల దగ్గర. మూడేళ్ళుగా పౌలు అనే ఆయన ఇంట్లో మేడమీది గదిలో అద్దెకుంటున్నాడు. పౌలు ఆంధ్ర వైపు నుంచి వచ్చి, ఇక్కడి చర్చి ఆఫీసులో గుమాస్తాగా చేసి రిటైరయ్యాడు. భార్య పోయింది, పిల్లలు లేరు. అక్క సువార్తమ్మ ఆయనతోనే ఉంటుంది. రాజలింగు రాసిన థీసిస్‌లో ఇంగ్లీషు తప్పులు దిద్దడం పౌలుకి రోజూ సాయంత్రం పని. విద్యార్థుల దీక్షా శిబిరానికి కూడా అప్పుడప్పుడూ వెళ్ళి వాళ్ళ పక్కన కూర్చునేవాడు.

"పోయిన గురువారం బంద్ రోజు సార్‌కు గుండెనొప్పి వచ్చింది. ఇంట్ల ఎవరు లేరు. నాకు మెసేజ్ పెట్టిండు. 'గుండెలో నొప్పి, రా' అని. ఆయన ఫోన్ల పన్నెండు నలభై అని ఉన్నది. నాకు వచ్చింది నాలుగు పదికి. సార్ మేనకోడలు సుకన్య మేడం నమ్ముతలేదు. ఫోన్ టైము ఎవరన్న మార్చుకోవచ్చంటది. ఆంధ్రాయన పోతే పోనీ అని ఊకున్ననంట. పోలీసులకు కాయితం కూడా ఇచ్చింది."

అతని గొంతు తగ్గిపోయింది. "ఇప్పుడు నాకే అనుమానమొస్తున్నది. శిబిరం కాడి గడబిడల ఫోన్ మోగితే నేను చూసుకోలేదేమో."

విశాలాక్షి అతని ఫోన్ తీసుకుని ఆ మెసేజ్ వివరాలు తెరిచింది.

"దీని మీద ఉన్న టైము నీ ఫోన్ గడియారంది కాదు. కంపెనీ మెసేజ్ సెంటర్ వేసేది. పోస్టాఫీసు ముద్ర లాంటిదన్నమాట. నువ్వు గడియారం ఎంత తిప్పినా ఇది మారదు. కూర్చో."

ఈసారి అతను కూర్చున్నాడు.

"ఆ రోజు ఆయనకి నువ్వేమైనా పంపావా?"

"పొద్దున పదకొండు ఇరవైకి పంపిన. లాఠీచార్జి అయ్యేటట్టున్నది, మీరు రావద్దు సార్, ఇంట్లనే ఉండుండ్రి అని."

ఆ మెసేజ్‌కి డెలివరీ రిపోర్టు ఉంది. పౌలు ఫోన్‌కి అది చేరిన సమయం, నాలుగూ పది.

"మిగతావాళ్ళకి పంపినవి?"

"అన్నీ అప్పటికప్పుడే పోయినయి."

"నాలుగూ పదికి మెసేజ్ చూశాక ఏం చేశావు?"

"ఫోన్ చేసిన. అయిదు సార్లు. మోగింది గాని ఎవరు ఎత్తలేదు. యూనివర్సిటీ గేటు కాడ పోలీసులు బయటికి పోనియ్యలేదు. రైలు పట్టాల పక్కపొంటి ఉరికి వచ్చేసరికి అయిదున్నర. అప్పటికే ఇంటి ముందల జనం ఉన్నరు."

మర్నాడు పౌలు ఇంటికి బయల్దేరే ముందు శాంసన్ సువార్తమ్మ నంబరుకి రెండుసార్లు ఫోన్ చేశాడు. రెండుసార్లూ అందుబాటులో లేదనే వచ్చింది. చెప్పకుండానే వెళ్ళారు.

సువార్తమ్మ స్కూలు టీచరుగా చేసి రిటైరయిన మనిషి. అరవై ఆరేళ్ళుంటాయి. పెళ్ళి చేసుకోలేదు. వంటగదిలో స్టీలు పళ్ళేలు రెండు పక్కపక్కనే బోర్లించి ఉన్నాయి. బల్ల మీద బైబిలు, దాని పక్కనే ఆమె ఫోను.

"ఆ రోజు పదిన్నరకి మెట్టుగూడలో స్త్రీల ప్రార్థన కూడికకి వెళ్ళానండి," అంది. "బస్సుల్లేవు. పోనూ రానూ నడకే. ఇంటికొచ్చేసరికి అయిదయింది. తమ్ముడు మంచం పక్కన కింద పడి ఉన్నాడు. కేక పెట్టాను."

"మీరు బయల్దేరేటప్పుడు ఆయనేం చేస్తున్నారు?"

"స్నానం చేస్తున్నాడండి. తలుపు దగ్గర నుంచే చెప్పి వెళ్ళాను."

"ఆయన ఫోన్ మీరు ముట్టుకున్నారా?"

"నాకా ఫోన్ల సంగతి తెలియదండి. పచ్చ బొత్తాం, ఎర్ర బొత్తాం, అంతవరకే."

అంతలో ఆమె ఫోన్లో అలారం మోగింది. మాత్ర వేసుకునే వేళట. సువార్తమ్మ అటు చూడకుండానే బొటనవేలితో దాన్ని ఆపేసింది. విశాలాక్షి ఒక్కక్షణం ఆ ఫోన్ వైపు చూసి, చూపు తిప్పుకుంది.

మాటలవుతుండగానే సుకన్య వచ్చింది. సువార్తమ్మ చెల్లెలి కూతురు. రామంతాపూర్‌లో ఉంటుంది. మావయ్య ఫోన్ బ్యాగులోంచి తీసి విశాలాక్షికి ఇచ్చింది.

"మీరే చూడండి. పంపినవాటిలో పన్నెండూ నలభై అని స్పష్టంగా ఉంది. ఇంకా ఏం కావాలి?"

విశాలాక్షి కాల్స్ జాబితా తెరిచింది. పన్నెండూ ముప్ఫై అయిదు నుంచి మూడు ప్రయత్నాలు, మూడూ రాజలింగుకే. ఒక్కటీ కలవలేదు.

"డాక్టరు ఏమన్నారు?"

"ప్రాణం ఒంటిగంటకీ రెండింటికీ మధ్య పోయిందన్నారు."

"ఆ పొద్దున మీరు వచ్చారా?"

"పదింటికి వచ్చాను. మావయ్య ఫోన్లో కొత్త పాటలు ఎక్కించి, పావుగంటలో వెళ్ళిపోయాను. ఆ తర్వాత పెద్దమ్మ అయిదింటికి కబురు చేసేదాకా ఇంట్లోనే ఉన్నాను. మా అత్తగారినడగండి. పాటలు ఎక్కిస్తే ఫోన్ పాడవుతుందా?"

"పాడవదు," అంది విశాలాక్షి.

వీధిలో గేటుకి ఎదురుగా శివమ్మ ఇస్త్రీ బండి ఉంది. బంద్ రోజు కూడా ఆమె బండి పెట్టిందట.

"అయిదింటికి ఏడుపు ఇనబడ్డదమ్మా," అంది శివమ్మ. "నేను మూడింటికి బువ్వ తిననీకి పోయి నాలుగున్నరకు మల్లొచ్చిన. వచ్చినంక ఆ గేటు తెరిసిందే లేదు. పాపం, ఒక్కడే పాణం ఇడిసిండు ఆ సారు."

తిరిగి నడుస్తూ శాంసన్ తన అనుమానం చెప్పాడు. ఫోన్లో చెయ్యి పెట్టింది సుకన్యే కదా, ఆ పాటలు ఎక్కించేటప్పుడు ఏదో నొక్కి ఉంటుందని.

"నొక్కిందే అనుకుందాం. మరి నాలుగూ పదికి దాన్ని ఎవరు సరిచేశారు?" అంది విశాలాక్షి.

శాంసన్ నడక ఆపేశాడు. ఆమె ఆగలేదు.

ఆదివారం మధ్యాహ్నం అందరూ పౌలు ఇంటి హాల్లో చేరారు. సువార్తమ్మ, సుకన్య సోఫాలో కూర్చున్నారు. రాజలింగు గుమ్మం దగ్గరే నిలబడ్డాడు. శివమ్మ గోడకానుకుని నేలమీద కూర్చుంది. విశాలాక్షి పౌలు ఫోన్ బల్లమీద పెట్టింది.

"ఆ గురువారం ఈ ఫోన్‌కి పదకొండూ ఇరవైకి పంపిన మెసేజ్ నాలుగూ పదికి అందింది. దీన్నుంచి పన్నెండూ నలభైకి రాసిన మెసేజ్ నాలుగూ పదికే బయటికి పోయింది. లోపలికి రావాల్సింది, బయటికి పోవాల్సింది, రెండూ ఒకే నిమిషంలో కదిలాయి. రాజలింగు ఫోన్ ఆ రోజంతా బాగానే పనిచేసింది. కాబట్టి అడ్డంకి ఈ ఫోన్ దగ్గరే ఉంది."

"స్విచ్ఛాఫ్ అయి ఉంటుంది," అంది సుకన్య.

"స్విచ్ఛాఫ్ అయిన ఫోన్లో పన్నెండూ నలభైకి మెసేజ్ ఎలా రాస్తారమ్మా? ఫోన్ వెలుగుతూనే ఉంది. పాటలు పాడుతుంది, అలారం మోగుతుంది, రాసింది దాచుకుంటుంది. కానీ టవరుతో దానికి సంబంధం లేదు. దాన్నే ఫ్లైట్ మోడ్ అంటారు. విమానం ఎక్కేవాళ్ళ కోసం పెట్టింది. అందులో ఉండగా ఫోన్ చేస్తే కలవదు, పంపిన మెసేజ్ లోపలే ఆగిపోతుంది. మోడ్ తీసేసిన క్షణంలో ఆగినవన్నీ కదులుతాయి. పౌలుగారు మూడుసార్లు ఫోన్ చేశారు, కలవలేదు. మెసేజ్ రాశారు. అది వెళ్ళిందనే అనుకుని ఉంటారు."

విశాలాక్షి ఫోన్‌ని బల్ల మధ్యకి జరిపింది.

"నాలుగూ పదికి ఆ మోడ్ ఎవరో తీశారు. అప్పటికి పౌలుగారు పోయి రెండు గంటలు దాటింది. రాజలింగు యూనివర్సిటీ గేటు లోపల ఉన్నాడు. సుకన్య రామంతాపూర్‌లో ఉంది. వాళ్ళ అత్తగారితో శాంసన్ మాట్లాడాడు. సువార్తమ్మగారు అయిదింటికి వచ్చామన్నారు. కానీ నాలుగున్నర నుంచి శివమ్మ గేటుకి ఎదురుగానే ఉంది. గేటు తెరుచుకోలేదు. అంటే నాలుగున్నరకి ముందే ఆవిడ లోపల ఉన్నారు."

"పెద్దమ్మకి ఫోన్ వాడటమే రాదు," అంది సుకన్య.

"మేం వచ్చిన రోజు ఆవిడ ఫోన్ అందుబాటులో లేదని వచ్చింది. వచ్చి చూస్తే మా ముందే అలారం మోగింది. తెర మీద చిన్న విమానం బొమ్మ ఉంది. ఆ మోడ్ పెట్టడం ఆవిడకి వచ్చు." విశాలాక్షి గొంతు మెత్తబడింది. "సువార్తమ్మగారూ, మిగతాది మీరు చెబితేనే బాగుంటుంది."

సువార్తమ్మ బల్ల మీది తమ్ముడి ఫోన్‌ని దగ్గరికి తీసుకుంది.

"ప్రార్థనలో ఫోన్లు మోగకూడదని పాస్టరుగారు నేర్పారండి," అంది. "తర్వాత ఇంటికొచ్చాక కూడా అలాగే ఉంచడం మొదలెట్టాను. తీసి ఉంచితే, ఎవరూ చెయ్యలేదని తెలిసిపోతుంది కదా. అలా ఉంటే, చేశారేమో, అందలేదేమో అనుకోవచ్చు."

సుకన్య ఆమె వైపు తిరిగింది.

"ఆ గురువారం నా పుట్టినరోజు," అంది సువార్తమ్మ. "తమ్ముడికి గుర్తులేదు. ఈ అబ్బాయి నుంచి ఫోన్ వస్తే శిబిరానికి పోతాడు. అక్కడ లాఠీలు, ఆ పొగ. భయమేసింది. భయమొక్కటే కాదు, అబద్ధం చెప్పను. ఒక్కరోజు నాతో ఉంటాడని అనుకున్నాను. ప్రార్థన నుంచి వచ్చి పాయసం చేద్దామనుకున్నాను. వాడు స్నానంలో ఉండగా మోడ్ పెట్టి వెళ్ళాను."

ఆమె రాజలింగు వైపు చూడలేకపోయింది.

"నాలుగింటికి వచ్చాను. ఫోన్ వాడి చేతిలోనే ఉంది. మోడ్ తీయగానే వణికింది. నీ మెసేజ్ వచ్చింది, రావద్దని. వాణ్ణి నువ్వే ఇంట్లో ఉండమన్నావు. నేను ఆపింది ఆ మాటనే. తర్వాత నువ్వు ఫోన్ చేస్తూనే ఉన్నావు. అయిదుసార్లు. ఎత్తి ఏం చెప్పను? అది ఆగేదాకా విని, అయిదింటికి కేకపెట్టాను. సుకన్య నిన్ను అన్నప్పుడు నోరు తెరవాల్సింది. తెరవలేదు. వాణ్ణి చంపింది నేనని తెలిస్తే నా దగ్గరికి ఇంకెవరు వస్తారు అనుకున్నాను."

శివమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. సుకన్య లేచి రాజలింగు ముందుకి వెళ్ళి చేతులు జోడించింది. అతను తల ఊపాడు.

తర్వాత అతను సువార్తమ్మ దగ్గరికి వచ్చి నేలమీద కూర్చున్నాడు.

"మొకం ఎట్లున్నది అమ్మా, సార్‌ది? బాగ తిప్పలపడ్డట్టున్నదా?"

"లేదు నాయనా. తలుపు వైపు తిరిగి ఉన్నాడు. అంతే."

అతను అప్పుడు ఏడ్చాడు. ఇన్ని రోజుల్లో అదే మొదటిసారి.

సాయంత్రం సుకన్య పెద్దమ్మని వెంటబెట్టుకుని పోలీస్ స్టేషన్‌కి వెళ్ళింది. ఇచ్చిన కాగితం వెనక్కి తీసుకుంది. సువార్తమ్మ జరిగింది జరిగినట్టు చెప్పి సంతకం పెట్టింది. వాళ్ళ వెనకే నడిచి వస్తున్న శాంసన్, చట్టం ఆవిణ్ణి ఏం చేస్తుందని మేడమ్‌ని అడిగాడు.

"ఏమీ చెయ్యకపోవచ్చు," అంది విశాలాక్షి. "ఆవిడకి అదే కష్టం."

సోమవారం పొద్దున రాజలింగు గది ఖాళీ చేశాడు. హాస్టల్లో స్నేహితుడి గదిలో చోటు దొరికింది. పెట్టె మెట్ల మీదుగా దింపుతుంటే సువార్తమ్మ కింద నిలబడి చూసింది. ఉండిపొమ్మని అడిగే హక్కు తనకి లేదని ఆమెకి తెలుసు. అయినా అడిగింది.

"ఉండలేనమ్మా," అన్నాడు రాజలింగు. "ఆ మెట్లు దిగినప్పుడల్ల సార్ గుర్తుకొస్తడు."

ఆమె సరేనంది. అతను గేటు దాకా వెళ్ళి ఆగాడు.

"ఆదివారం వస్తా. సార్ దిద్దిన కాయితాలు ఇంకా ఆయన అలమారాల ఉన్నయి. ఒక్కపూటల అయ్యేవి కావు. రెండు మూడు వారాలు రావాల్సి ఉంటది."

అవి ఒక చేతిసంచిలో పట్టేన్ని కాగితాలని ఇద్దరికీ తెలుసు. సువార్తమ్మ అతని కోసం గేటు తెరిచి పట్టుకుంది. అతను ఆటోలో పెట్టె ఎక్కించి, సందు మలుపు తిరిగేదాకా అలాగే నిలబడింది.