శివరాత్రి లేని ఇంట్లో ఎర్ర నీళ్ళు

“నా కోడలు ఈ గడప దాటదు వదినా! దాటిందా... మళ్ళీ ఈ ఇంటి మొహం చూడనక్కర్లేదు!”

గుమ్మానికి అడ్డంగా కూర్చుని రత్తమ్మ అన్న ఆ మాటకు నాగమల్లేశ్వరి వాకిట్లోనే ఆగిపోయింది. కూతుర్ని పురిటికి తీసుకుపోదామని నూజెండ్ల నుంచి ఆటో మాట్లాడుకుని ఆశగా వచ్చింది పాపం! పసుపు కుంకుమ, కొత్త చీర పెట్టుకొచ్చిన సంచి చేతిలో అలాగే ఉండిపోయింది. తొలి కాన్పు పుట్టింట్లో జరగడం లోకమంతా ఉన్నదే కదా, దానికి ఏ అత్తగారైనా అడ్డం పడుతుందా? తలుపు చాటున నిలబడి, నిండు కడుపు మీద చెయ్యి వేసుకుని, దుర్గ గుడ్లనీరు కుక్కుకుంటోంది.

“మేమేం తప్పు చేశాం వదినా?” అంది నాగమల్లేశ్వరి.

“తప్పేం లేదు. బిడ్డ శివరాత్రి నాడు పుట్టాల. ఈ ఇంటి నుంచి ఆసుపత్రికి పోయి, ఈ ఇంటికే రావాల. మీ ఇంట్లో పుడితే ఆ పుటక నా ఇంటి లెక్కలోకి రాదు!”

ఆ తల్లి కాసేపు ఏడ్చింది, కాసేపు బతిమాలింది. చివరికి సంచి గుమ్మం పక్కన పెట్టి అదే ఆటోలో వెనక్కి వెళ్ళిపోయింది. కూతుర్ని దగ్గరికి తీసుకుని ఒక్క ముద్దు పెట్టుకోవడానికి కూడా నోచుకోలేదు! ఆటో సందు మలుపు తిరిగేదాకా దుర్గ కిటికీ ఊచలు పట్టుకుని చూస్తూనే ఉంది.

రత్తమ్మ రాక్షసి అనుకుంటారేమో, కాదు. మొగుడు పున్నారావు చిన్న వయసులోనే పోతే, క్వారీలో రాళ్ళు మోసి ఇద్దరు మగపిల్లల్ని పెంచిన మనిషి. పెద్దవాడు నరేంద్ర లారీ తోలతాడు. చిన్నవాడు రవి వంట నేర్చుకుని, ఎక్కడో వెస్టిండీస్ దీవుల చుట్టూ తిరిగే టూరిస్టు ఓడలో వంటవాడుగా కుదిరాడు. సెలవు మీద వచ్చినప్పుడల్లా ఇల్లు తిరునాళ్ళే! అలాంటి రవి ఆరేళ్ళ కింద, సరిగ్గా శివరాత్రి రోజు, బైకు మీద కోటప్పకొండకు పోతూ లారీ కింద పడ్డాడు. అంతే... ఆ రోజుతో ఈ ఇంటికి శివరాత్రి పోయింది. పండగ నాడు ఇంట్లో మనిషి పోతే ఆ పండగ ఆ ఇంటికి ఇక ఉండదు. మళ్ళీ అదే పండగ నాడు ఆ ఇంట్లో బిడ్డ పుడితేనో, ఆవు ఈనితేనో తప్ప తిరిగి రాదు. చుట్టుపక్కల ఊళ్ళన్నీ ఆకాశమంత ఎత్తు వెదురు ప్రభలు కట్టుకుని, మైకులు పెట్టుకుని కొండకు పోతుంటే, రత్తమ్మ తలుపులు బిగించుకుని గోడకేసి తిరిగి పడుకునేది. అలాంటి మనిషికి కోడలి కడుపు పండటం, అదీ శివరాత్రికి దగ్గరలో నెలలు నిండుతుండటం... దేవుడే తలుపు తీసినట్టు అనిపించింది.

కానీ శివరాత్రి నాటికి నెలలు పూర్తిగా నిండవు కదా! ఆ పైన ఇంకా చాలా రోజులుండాలి. బిడ్డ బరువు తక్కువగా ఉంది, తొందరపడితే ఊపిరి తీసుకోవడం కష్టమవుతుందని దుర్గను మొదటి నుంచీ చూస్తున్న డాక్టరమ్మ ఖండితంగా చెప్పింది. రత్తమ్మ ఊరుకోలేదు. ఆపరేషన్‌కి ఒప్పుకునే మరో నర్సింగ్‌హోం వెతికి పట్టుకుంది. దుర్గకు రెండేళ్ళ కింద ఒకసారి మూడో నెలలోనే కడుపు పోయింది. ఇప్పుడు లోపల బిడ్డ కాస్త కదలకపోతే చాలు, ఆమె గుండె ఆగిపోతోంది. అలాంటిది పండగ కోసం కడుపు కోసి బిడ్డను బయటికి తీస్తారట!

“ఏమయ్యా... నువ్వైనా చెప్పు! బిడ్డకేమన్నా అయితే?” అని మొగుడి కాళ్ళావేళ్ళా పడింది.

నరేంద్ర తల దించుకున్నాడు. “ఆరేళ్ళ నుంచి మా అమ్మ నవ్వింది లేదు దుర్గా. ఇప్పుడు నోరు తెరిచి ఒక్కటి అడిగింది. ఎట్టా కాదనను?”

“నా బిడ్డ ప్రాణం అడిగినా ఇస్తావా?”

“అట్టా మాట్లాడబాక! రోజూ ఎంతమందికి చేయట్లేదు ఆపరేషన్లు...” అంటూ లారీ తాళాలు తీసుకుని బయటికి పోయాడు. మంచివాడే... మంచివాడు కాబట్టే అమ్మ మాట దాటలేడు, పెళ్ళాం కన్నీళ్ళు చూడలేడు. అందుకే ఇంట్లో నిలబడడు! దుర్గ ఫోను రత్తమ్మ దగ్గరుంది. వీధి తలుపు దగ్గర రత్తమ్మ మంచం ఉంది. దుర్గకు మిగిలింది పెరటి గుమ్మం ఒక్కటే. ఆ గుమ్మం అవతల గ్రేసమ్మ ఇల్లు.

శివరాత్రి ముందు రోజు మధ్యాహ్నం పిట్టగోడ దగ్గర నిలబడి దుర్గ వెక్కి వెక్కి ఏడుస్తుంటే గ్రేసమ్మ చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకుపోయింది. మంచినీళ్ళిచ్చింది. ఏడుపు తగ్గాక మెల్లిగా అంది: “మీ అత్తకు పండగ పిచ్చి అనుకుంటున్నావు గదా? కాదమ్మాయ్. ఆ రోజు ఏం జరిగిందో నీకెవరూ చెప్పలేదు.”

గ్రేసమ్మ అల్మైరాలోంచి గాజు సీసా తీసింది. దాన్నిండా ఈ ఏడు తను ఎండబెట్టిన ఎర్ర రేకులు. ఎర్ర గోంగూర కాయల మీద దళసరిగా ఉంటాయే, ఆ రేకులు! ఆ దీవుల్లో క్రిస్మస్ వచ్చిందంటే ఇంటింటా వీటితో ఎర్రటి పానకం లాంటిది కాస్తారట. సోరెల్ అంటారట. మన చేలగట్ల మీద పడి ఉండే గోంగూర కాయలే అక్కడ పండగ సరుకని తెలిసి రవి పడీపడీ నవ్వాడట. వచ్చినప్పుడల్లా కాసి వీధి వీధంతా తాగించేవాడు. గ్రేసమ్మకూ నేర్పాడు. “వాళ్ళు ఇందులో ఇంకోటి కూడా కలుపుతారు పిన్నీ, అది మనకొద్దులే!” అని కన్నుగీటేవాడట.

“ఆ శివరాత్రికి ప్రభ కాడ జనానికి పంచుదామని పెద్ద క్యాను నిండా చేశాడు. ‘అమ్మా, ఉపవాసమున్నావు గదా, ఒక్క గుక్క తాగి చూడవే’ అని గ్లాసు పట్టుకుని రత్తమ్మ ఎనకమాలే తిరిగాడు. మీ అత్త కసిరింది. ‘గోంగూర ఉడకేసిన నీళ్ళు ఎవడు తాగుతాడ్రా, పో అవతలికి’ అంది. వాడు నవ్వుకుంటా గ్లాసు గట్టు మీద పెట్టి, ‘వచ్చినాక తాగిస్తాలే’ అని పోయాడు. ఇంకేడ వచ్చాడు తల్లీ...” గ్రేసమ్మ కొంగుతో కళ్ళు ఒత్తుకుంది.

దుర్గ ఆ సీసా వైపే చూసింది. కాపురానికొచ్చి నాలుగేళ్ళయింది, ఈ ఇంట్లో గోంగూర ఆకు కూడా అడుగు పెట్టలేదు. గుంటూరు సీమలో గోంగూర లేని ఇల్లా! కడుపుతో ఉండి పులుపుకు నాలుక పీక్కుపోతుంటే, ఒక్కసారి గోంగూర పచ్చడి అడిగితే అత్తగారు గిన్నె విసిరికొట్టింది. అప్పుడు ఎంత ఏడ్చిందో! ఇప్పుడు అర్థమైంది...

“పిన్నీ, ఆ రేకులు నాకియ్యి.”

“కడుపుతో ఉన్నదానివి, నువ్వు మాత్రం తాగబాక. ఒంటికి ఎట్టా ఉంటదో ఏమో.”

“నాక్కాదు పిన్నీ.”

ఎందుకు చేస్తోందో దుర్గకే సరిగ్గా తెలియదు. రేపు పొద్దున నర్సింగ్‌హోంకి తీసుకుపోయే ఆటో వస్తుంది. ఇక ఎవరి కాళ్ళు పట్టుకోవాలో తెలియని మనిషి ఏదో ఒకటి చేస్తుంది, అంతే! వంటింట్లో పెద్ద గిన్నెలో నీళ్ళు పొయ్యి మీద పెట్టింది. అల్లం కచ్చాపచ్చాగా దంచి వేసింది. లవంగాలు, దాల్చినచెక్క, కమలాపండు తొక్కలు వేసి తెర్లనిచ్చింది. మంట ఆర్పి ఎర్ర రేకులు గుప్పిళ్ళతో వేసేసరికి నీళ్ళు ఒక్కసారిగా కుంకుమ రంగు తిరిగాయి. ఘాటుగా, పుల్లగా, తియ్యగా ఒక వాసన లేచి ఇల్లంతా కమ్ముకుంది.

“ఏందే అది?”

గుమ్మంలో రత్తమ్మ! ఒక్క అంగలో వచ్చి గిన్నె మీద చెయ్యెత్తింది. ఎత్తిన చెయ్యి ఎత్తినట్టే ఆగిపోయింది. ముక్కుపుటాలు అదిరాయి.

“ఎవరు చెప్పారే నీకు...”

“రవి మరిది చేసినట్టే చేశానత్తయ్యా. మీరు ఆ రోజు తాగలేదంట గదా...” దుర్గ ఏడుస్తూనే అంది. “తోసెయ్యాలనిపిస్తే తోసెయ్యండి. రేపు నన్ను తీసుకుపోండి, కోయించండి. నేను ఎదురు చెప్పలేను, నాకు దిక్కు లేదు. కానీ ఒక్క మాట చెప్పండి. రేపు నా బిడ్డ ఊపిరాడక పోతే, మీరు ఆ రోజు నుంచి ఎట్టా బతుకుతున్నారో నేనూ అట్టాగే బతకాలి గదా? మీకు తెలుసు గదత్తయ్యా అదెట్టా ఉంటదో! మీకు తెలిసి తెలిసి... నాకిస్తారా?”

రత్తమ్మ ఎత్తిన చెయ్యి దించింది. గిన్నె మీద మూత పెట్టింది. గోడ పట్టుకుని నడుచుకుంటూ పోయి మంచం మీద ముడుచుకుని పడుకుంది. దుర్గకు ఏమీ అర్థం కాలేదు. మూత పెట్టిందంటే ఒప్పుకున్నట్టా, పారబోయడానికి రేపటిదాకా ఆగినట్టా? బట్టల సంచి సర్దింది. బిడ్డ కోసం కుట్టిన చిన్న చొక్కాలు మడతపెట్టి పైన పెట్టింది.

తెల్లారింది. రోడ్డు మీద ప్రభల మైకులు మోగుతున్నాయి. జనం ‘చేదుకో కోటయ్యా’ అని కొండమీది శివుణ్ణి పిలుస్తూ గుంపులు గుంపులుగా పోతున్నారు. వాకిట్లో ఆటో వచ్చి ఆగింది. నరేంద్ర సంచి అందుకుని, “అమ్మా, బయల్దేరదామా? వాళ్ళు తొందరగా రమ్మన్నారు” అని పిలిచాడు. వంటింట్లోకి తొంగి చూసి ఇద్దరూ నిలబడిపోయారు.

రత్తమ్మ నేల మీద చతికిలబడి, పాత చీర గుడ్డలో ఎర్ర నీళ్ళు వడగడుతోంది. పంచదార వేసి కలిపింది. గ్లాసులోకి వంచుకుంది. ఎన్నో ఏళ్ళుగా శివరాత్రి నాడు పచ్చి మంచినీళ్ళు కూడా ముట్టని మనిషి, గ్లాసు ఎత్తి ఒక గుక్క తాగింది. మరో గుక్క తాగింది. ఆ తర్వాత గ్లాసు గుండెలకు అదుముకుని, ఆరేళ్ళ ఏడుపు ఒక్కసారిగా ఏడ్చింది!

“ఎంత బాగుందిరా రవీ! ఎంత బాగుందిరా నా తండ్రీ... ఒక్క గుక్క తాగితే నా సొమ్మేం పోయేదిరా!”

దుర్గ అంత బరువుతోనూ కిందికి వంగి ఆమెను పట్టుకుంది. అత్తా కోడళ్ళు ఒకరి మీద ఒకరు పడి ఎంతసేపు ఏడ్చారో! నరేంద్ర చేతిలోని సంచి కింద పెట్టాడు.

“వాడే నీ కడుపున వస్తాడనుకున్నానే...” అంది రత్తమ్మ కాస్త తేరుకుని. “శివరాత్రి నాడు పోయినోడు శివరాత్రి నాడే వస్తాడని... వస్తే ఈసారి ఏదడిగినా కాదనకూడదని... పిచ్చిదాన్నే! నా కోసం నీ బిడ్డను ముందుగా లాగమన్నాను.” కొంగుతో మొహం తుడుచుకుని కొడుకు వైపు తిరిగింది. “ఒరేయ్ నరేంద్రా, ఆ నర్సింగ్‌హోంకి రావట్లేదని చెప్పు. మీ అత్తకు ఫోన్ చెయ్యి, నేను మాట్లాడతా.”

“అమ్మా! మరి పండగ...”

“ఏం పండగరా? ఇయ్యాళ తప్పితే మళ్ళీ ఏడాదికి. గొడ్డూ గోదా లేని ఈ ఇంట్లో అప్పటికి ఎవరు కంటారు? రాదు. నేను బతికున్నంత కాలం ఈ ఇంటికి శివరాత్రి లేదు. నాకు తెలుసు.” ఆ మాట అనడానికి ఆమె ఎంత కష్టపడిందో మెడ నరాలే చెప్పాయి. మాట మాత్రం తొణకలేదు.

ఫోను కలిసింది. అవతల నాగమల్లేశ్వరి భయంభయంగా “వదినా...” అంటోంది.

“ఇంతకుముందు అన్న మాటలు మనసులో పెట్టుకోబాక వదినా. ఆటోలో నీ కూతుర్ని నేనే దింపుతా. నీ ఇంట్లో, దాని టైముకి, నిమ్మళంగా కననీ. పండగ నాడే కనమని ఇంకెవరూ దాన్ని అడగరు.”