అమ్మ చెప్పిన క్లైమాక్స్

పొద్దున్నే ఫోన్ మోగేసరికి కూతురింకా పళ్ళు కూడా తోముకోలేదు. పత్రికలో సినిమా సమీక్షలు రాయడం ఆమె ఉద్యోగం.

"ఏ సినిమా చూశావు తల్లీ?" ఎడిటర్ గొంతు చిరచిరలాడింది. "చివర్లో హీరోయిన్ ఇంటికి తిరిగొస్తుంది కదా! రాదని రాశావేంటి? గంటలో మార్చి పంపకపోతే ఆ పేజీ ఇంకొకరికి ఇచ్చేస్తాను."

నిజానికి ఇంటర్వెల్ తర్వాత ఆమె సుబ్బరంగా నిద్రపోయింది. వారంలో అది నాలుగో సినిమా మరి. ఆ సినిమాలో మందుల షాపు నడిపే ఒకావిడ లోకం తర్వాత లోకం తిరుగుతుంది. ఒకచోట కత్తియుద్ధం, ఒకచోట దెయ్యం, ఇంకోచోట పాటలు. మిగతా కథంతా పక్క సీట్లో కూర్చున్న అమ్మే తిరుగు బస్సులో పూసగుచ్చినట్టు చెప్పింది. అది నమ్మి, కూతురు 'ధైర్యమైన ముగింపు' అని మెచ్చుకుని మరీ రాసింది.

నాయనమ్మ మాత్రల్ని అమ్మ వంటింట్లో చెంచాతో నలుపుతోంది.

"అమ్మా, ఆవిడ ఇంటికొస్తుందట కదా. రాదని ఎందుకు చెప్పావు?"

"వస్తుందా? ఏమో, మర్చిపోయానేమో."

"నీకా మతిమరుపు? నా ఉద్యోగం ఊడేలా ఉంది, ఆటలుగా ఉందా నీకు?"

చెంచా ఆగింది.

"వచ్చింది లేవే. చెప్పులు విప్పి, నేరుగా వెళ్ళి అంట్ల ముందు నిలబడింది. హాలంతా చప్పట్లు. నాకు ఒళ్ళు మండిపోయింది. అన్ని లోకాలు తిరిగొచ్చిన మనిషిని, కాసేపు కూర్చోమన్నవాళ్ళు ఒక్కరు లేరు. అందుకే, నేను చెప్పేటప్పుడైనా దాన్ని రానివ్వకూడదనుకున్నాను."

ఎనిమిదేళ్ళుగా మంచాన పడిన నాయనమ్మను లేపేది అమ్మే, పడుకోబెట్టేదీ అమ్మే. తనేమో సినిమాలు చూసి చూసి అలిసిపోయానని రోజూ ఆ అమ్మకే చెప్పుకుంటుంది. సిగ్గుతో తల వాలిపోయింది.

"నువ్వయితే ఆ లోకాల్లో ఏం చేసేదానివమ్మా?"

పాటలు పాడతాననో, ఊళ్ళు తిరుగుతాననో అంటుందనుకుంది.

"నిద్రపోయేదాన్ని."

లోపల్నుంచి నాయనమ్మ పిలిచింది. అలవాటుగా కదలబోయిన అమ్మ చేతిలోంచి కూతురు చెంచా లాక్కుంది.

"నేను చూసుకుంటాను. నువ్వు వెళ్ళి పడుకో."

"మరి నీ రాత?"

"గంట ఉందిగా."

మాత్రలు మింగించి, దుప్పటి మార్చి, ఇంత బరువుంటుందా నాయనమ్మ అనుకుంటూ వచ్చి కూర్చునేసరికి పది నిమిషాలే మిగిలాయి. 'ధైర్యమైన ముగింపు' కొట్టేసింది. 'ఆవిడ తిరిగొస్తుంది. కానీ కూర్చోమనడానికి ఆ ఇంట్లో ఎవరికీ తోచలేదు' అని రాసి పంపింది. కళ్ళనీళ్ళకు అక్షరాలు అలుక్కుపోయాయి.

గది గుమ్మం దగ్గరికి వెళ్ళి తొంగి చూసింది. పగటిపూట అమ్మ నిద్రపోవడం ఆమె చూడటం అదే మొదటిసారి.