దీపం ఆర్పేయనా, అమ్మగారూ?

సెడ్రిక్ హాలోవెల్ ముఖం ఇంగ్లండులో చాలామందికి తెలుసు. పేరే ఎవరికీ తెలియదు. బస్సు కండక్టరు టిక్కెట్టు చింపుతూ "మిమ్మల్నెక్కడో చూశానే" అనేవాడు. చూసే ఉంటాడు. ముప్ఫయ్యేళ్లుగా నాటకాల్లో బట్లరూ, కానిస్టేబులూ, రెండో అంకంలో దొరికే శవమూ అన్నీ ఆయనే.

ఈసారి ఆ సముద్రపుటొడ్డు ఊరి థియేటర్లో ఆయనకో అదృష్టం పట్టింది. నాటకంలో ఆఖరి మాట బట్లరుది. చనిపోయిన యజమానురాలి ఖాళీ కుర్చీ ముందు వంగి, "దీపం ఆర్పేయనా, అమ్మగారూ?" అనాలి. తెర పడుతుంది. అంతవరకూ ఏ నాటకంలోనూ తెర ఆయన మాట కోసం ఆగింది లేదు.

నటుల్లో ఒక కట్టుబాటుంది. ఆఖరి మాటను రిహార్సల్లో పలకరు. జనం లేని హాల్లో పలికితే, వినడానికి వేరే ఎవరో వస్తారని పాతవాళ్లు అంటారు.

చివరి రిహార్సలు నాడు సెడ్రిక్ కిర్రుమనే ఎడమ బూటుతో నడిచొచ్చి, కుర్చీ ముందు వంగి, పెదవులు బిగించాడు.

"దీపం ఆర్పేయనా, అమ్మగారూ?"

వెనక తెర అవతల నుంచి. అచ్చం ఆయన గొంతే.

"ఇన్నేళ్లొచ్చాయి, ఇంత తెలీదటయ్యా?" అంది స్టేజీ మేనేజరు ఐడా.

"నేనన్లేదు."

"మరి ఆ గొంతు మీ తాతదా?"

డెస్మండ్ కిసుక్కున నవ్వాడు. సెడ్రిక్ మంచం పడితే ఆ వేషం కట్టేది వాడే. ఎవరి గొంతైనా ఇట్టే పట్టేస్తాడు. "పోనీలెండి పెద్దాయనా. శవం వేషంలో తుమ్మిన ఘనులు మీరు, ఇదెంత?"

ఐడా గొంతు తగ్గించింది. "ఇంకోసారి ఇలా జరిగితే థియేటరు యజమాని నీ వేషాన్ని వాడికిచ్చేస్తాడు."

సెడ్రిక్ ఆ కుర్రాణ్ణి కన్నార్పకుండా చూశాడు.

మొదటి ఆట మధ్యాహ్నం. బయట పొగమంచు. "ఆఖర్న వాణ్ణి నాకు కనపడేలా నీ పక్కన నిలబెట్టు" అని ఐడాను బతిమాలాడు.

"ఒట్టి అనుమానప్పక్షివి" అంటూనే ఒప్పుకుంది.

ఆ ఘట్టం వచ్చింది. వంగుతూ ఓరకంట స్టేజీ పక్కకు చూశాడు. డెస్మండ్ అక్కడే ఉన్నాడు. ఐడా అరచెయ్యి వాడి నోటిమీద ఉంది. సెడ్రిక్ మనసు కుదుటపడింది. ఊపిరి పీల్చాడు...

ఆరిన వత్తి వాసన.

"దీపం ఆర్పేయనా... అమ్మగారూ?"

చెవి పక్కనే. ఆయన పెదవులు కదల్లేదు.

దీపం ఆరింది. తెర పడింది. చప్పట్లు ఎంతకీ ఆగలేదు.

ఐడా చీకట్లోకి పరుగున వచ్చింది. "ముప్ఫయ్యేళ్లలో ఇంత బాగా ఎప్పుడూ అనలేదయ్యా."

నేనన్లేదు, అనబోయాడు సెడ్రిక్. నోరు తెరుచుకుంది. శబ్దం రాలేదు.

"నేనన్లేదు" అంది వెనక తెర అవతలి గొంతు.

ఐడా నవ్వుతూ, ఆయన్ని చూడకుండానే దాటుకుని అటు నడిచింది. "ఎక్కడ నక్కావు సెడ్రిక్? బయటికి రా."

కిర్రు... కిర్రు... ఎడమ బూటు దగ్గరికొస్తోంది.

సెడ్రిక్ కిందికి చూసుకున్నాడు. కాళ్లకు మేజోళ్లే ఉన్నాయి. చెక్క నేల చల్లగా అరికాళ్లకు తగులుతోంది.