రాహేలమ్మ పాస్‌పోర్టు

గుమ్మం పక్క మేకుకి అద్దం తగిలించుకుని ప్రభుదాసు గడ్డం గీసుకుంటున్నాడు. తెనాలిలో ఆ వీధికి పాలవాడు వచ్చి వెళ్లి అరగంటయింది. లోపల ఎస్తేరు ఇడ్లీలు దించుతోంది. రాహేలమ్మ పెరట్లో బట్టలు ఆరేసి వచ్చి, తడి చేతులు కొంగుకి తుడుచుకుని కొడుకు వెనక నిలబడింది.

"దాసూ, చిన్న పనుందిరా."

"చెప్పమ్మా."

"ఇది గడువు దాటిపోయింది. మళ్లీ చేయించాలంటే ఎవర్ని కలవాలో కాస్త కనుక్కుంటావా?"

పెన్షను పుస్తకమేమో అనుకుని చెయ్యి చాపాడు. చేతిలోకి వచ్చింది ముదురు నీలం అట్ట, దాని మీద వెలిసిపోయిన మూడు సింహాలు. సబ్బు నురగ సగం మొహాన అలాగే ఉండగా ప్రభుదాసు తల్లి వైపు తిరిగాడు.

రాహేలమ్మ మొదట రేపల్లె మిషను ఆసుపత్రిలో నర్సు. తర్వాత రేపల్లె అవతల, సముద్రం దగ్గర మొగలిదిబ్బ అనే ఊళ్లో చిన్న డిస్పెన్సరీ నడిపి, మొన్న మార్చిలోనే రిటైరై కొడుకు దగ్గరికి వచ్చేసింది. భర్త పోయి పద్దెనిమిదేళ్లు. కూతురు కరుణ కూడా నర్సే, మొగుడితో మస్కట్‌లో ఉంటోంది. రెండు కడుపులు పోయి, మూడోసారి నిలిచింది. నిన్ననే ఉత్తరం వచ్చింది. 'ఈసారి నాకు భయంగా ఉందన్నయ్యా. మంచం దిగొద్దన్నారు. అమ్మని పంపించు. అమ్మ పక్కనుంటే బిడ్డ దక్కుతుందని నా నమ్మకం' అని రాసింది.

"నీకు పాస్‌పోర్టు ఉందా!" అన్నాడు ప్రభుదాసు.

"ఉండేది."

అట్ట తెరిచాడు. నలుపు తెలుపు ఫోటోలో బిగించి దువ్విన జుట్టుతో నలభై దాటిన తల్లి. డెబ్బై ఏడు సెప్టెంబరులో ఇచ్చినది, ఎనభై రెండుతో సరి. గడువు తీరి పదేళ్లయినా పెట్టెలోనే దాచి ఉంచిందన్నమాట. పేజీలన్నీ ఖాళీ. ఒక్కచోట మాత్రం అరబ్బీ అక్షరాల ముద్ర, కువైట్ వీసా.

అతని చెయ్యి ఆ పేజీ మీదే ఆగిపోయింది.

కువైట్ సంగతి అతనికి తెలుసు. యోబు మావయ్య ఎన్నోసార్లు చెప్పాడు. "మీ అమ్మకి అక్కడ పెద్దాసుపత్రిలో ఉద్యోగం వచ్చిందిరా. విమానం పేరెత్తగానే హడలిపోయింది, వెళ్లనంది" అనేవాడు. ఆ మరుసటేడు ప్రభుదాసుకి ఇంజనీరింగు సీటు వచ్చింది. ఆ కాగితం పట్టుకుని బాపట్ల హాస్టలు నుంచి రేపల్లె ఆసుపత్రికి, తల్లి దగ్గరికి పరిగెత్తాడు. ఆమె తల వంచుకుని "మనవల్ల కాదు నాయనా" అంది. టీచరు ట్రైనింగులో చేరాడు. పదిహేనేళ్లుగా తల్లిని పిరికిదని తలుచుకుని, జాలి పడి, ఆ జాలి కిందే కోపాన్ని దాచుకున్నాడు. ఆమె మొగలిదిబ్బకి మారాక అక్కడికి ఒక్కసారి కూడా వెళ్లలేదు. పండక్కి ఆమే వచ్చి పోయేది.

ఇప్పుడు ఈ ముద్ర వేరే మాట చెబుతోంది.

"వీసా కూడా వచ్చిందా? అంతా సిద్ధమయ్యాక మానేశావా?"

రాహేలమ్మ తడి కొంగు సర్దుకుంది.

"విమానానికి భయపడ్డావని మావయ్య అన్నాడు. మరి ఇప్పుడు కూతురి కోసమైతే ఆ భయం ఏమైంది?"

"విమానానికి నేనెప్పుడూ భయపడలేదురా" అంది ఆమె మెల్లిగా.

"మరెందుకు వెళ్లలేదు?"

"తుఫానొచ్చిందిగా. మొగలిదిబ్బలో కాన్పులకి సిద్ధంగా ఉన్న ఆడవాళ్లు మిగిలిపోయారు."

"లోకంలో ఇంకెవరూ నర్సులే లేరా?"

"ఆరోజు అక్కడ లేరు."

వంటింటి గుమ్మంలో ఎస్తేరు నిలబడిపోయింది. ప్రభుదాసు గొంతు లేచింది.

"నేను గుర్తు రాలేదా నీకు? నా చదువు సంగతి ఒక్కసారైనా గుర్తు రాలేదా?"

రాహేలమ్మ కళ్లెత్తి కొడుకుని సూటిగా చూసింది. "వచ్చింది నాయనా. గుర్తొచ్చాకే ఉండిపోయాను. మర్చిపోయి ఉంటే అది వేరే సంగతి."

భయపడ్డానని చెప్పినా అతనికి ఇంత బాధ కలిగేది కాదు. తెలిసి, తూచి, తనని పక్కన పెట్టింది! పాస్‌పోర్టు బల్ల మీద పడేసి, సగం గడ్డంతోనే మొహం కడుక్కుని బడికి వెళ్లిపోయాడు.

రెండు రోజులు ఇంట్లో మాటల్లేవు. మూడోనాడు ఎస్తేరు అతని ముందు అన్నం కంచం పెట్టి, పక్కనే పాస్‌పోర్టు ఫారాలు పెట్టింది.

"ఎక్కడివి?"

"నేనే బజారుకెళ్లి తెప్పించాను. మీకు అత్తయ్య మీద కోపం ఉంటే ఉండనివ్వండి. అది కరుణ కడుపులో బిడ్డ మీద చూపించకండి. మీరు రాయకపోతే నా రాతతోనే పంపుతాను, తప్పులు పోతే మీదే బాధ్యత."

రాశాడు. తల్లి ఎదురుగా స్టూలు మీద కూర్చుంది. ఆఫీసులో విచారించినట్టు ఒక్కో గడీ అడిగాడు. పుట్టిన తేదీ. పాత పుస్తకం నెంబరు. ఒంటి మీద గుర్తులు.

"ఎడమ చేతి మీద కాలిన మచ్చ" అని చెయ్యి చాపింది. మణికట్టు నుంచి మోచేతి దాకా ముడతలు పడిన చర్మం. పాత పుస్తకంలో ఆ గుర్తు లేదు. ఎలా కాలిందని అతను ఇన్నేళ్లలో ఎప్పుడూ అడగలేదు, ఇప్పుడూ రాసి ఊరుకున్నాడు.

నెల తిరిగేసరికి పోలీసు విచారణ కబురు వచ్చింది. ఆమె ఏడాది లోపలే ఇల్లు మారింది కాబట్టి పాత ఊళ్లో కూడా విచారించాలట. ఆమెని బాగా ఎరిగిన ఇద్దరి సంతకాలు కావాలట. రేపల్లె స్టేషను హెడ్ కానిస్టేబులు కోటేశ్వరరావు బుధవారం మొగలిదిబ్బ వస్తానని చెప్పాడు. ప్రభుదాసు సెలవు పెట్టక తప్పలేదు.

తెనాలి నుంచి రేపల్లె పాసింజరు, అక్కడ నుంచి బస్సు, బస్సు దిగాక కరకట్ట మీద రెండు మైళ్ల నడక. తల్లి ముందు నడుస్తోంది. ఇంట్లో మోకాళ్ల నొప్పులనే మనిషి ఇక్కడ చకచకా అడుగులు వేస్తుంటే వెనక రావడం అతనికి కష్టమైంది. దారిలో ఎదురైన ఒక ముసలాయన తలమీద గడ్డి మోపు దించి నేలన పెట్టాడు, "అమ్మొచ్చింది" అని వెనక్కి తిరిగి ఊళ్లోకి పరుగు తీశాడు. మోపు అక్కడే ఉండిపోయింది.

కానిస్టేబులు అప్పటికే బడి వసారాలో కుర్చీ వేసుకున్నాడు. పక్కన హెడ్మాస్టరు గౌరీశంకరం, బక్కపలచటి మనిషి, రాహేలమ్మని చూసి లేచి నిలబడి నమస్కరించాడు.

"కూర్చోండి మాస్టారూ" అన్నాడు కోటేశ్వరరావు కాగితాలు సర్దుకుంటూ. "రాహేలు అనే ఆవిడ ఎన్నేళ్లుగా తెలుసు, ప్రవర్తన ఎలాంటిది, రెండు ముక్కలు చెబితే నేను రాసుకుంటాను."

"ఏ రాహేలు గురించండీ?" అన్నాడు గౌరీశంకరం.

"ఎంతమందున్నారేంటి?"

హెడ్మాస్టరు నవ్వలేదు. లోపలికి వెళ్లి తొమ్మిదో తరగతి హాజరుపట్టీ తెచ్చి ప్రభుదాసు చేతికిచ్చాడు. "మీరూ టీచరే కదండీ. చదవండి."

ప్రభుదాసు వేలు పేర్ల వెంట దిగింది. కె. రాహేలు. ఎం. వెంకట రాహేలు. నాగ రాహేలు. రాహేలు లక్ష్మి. ఎస్. రాహేలు. ఒకే తరగతిలో అయిదుగురు. అందులో ముగ్గురి ఇంటిపేర్లు గంగమ్మని కొలిచే బెస్తవాళ్లవి. మగపిల్లల్లో ఇద్దరు దాసులు కనిపించారు. వాళ్ల పుట్టిన తేదీలు చూశాడు. డెబ్బై ఏడు నవంబరు ఇరవై రెండు. ఇరవై నాలుగు. డిసెంబరు మూడు.

"తుఫాను మర్నాడే రేపల్లె నుంచి మోకాటిలోతు బురదలో నడిచొచ్చారండీ అమ్మగారు" అన్నాడు గౌరీశంకరం. "ఊరు మొత్తం ఈ బడిలోనే ఉంది, ఇది ఒక్కటే ఎత్తు మీద ఉంది కాబట్టి. తొమ్మిదిమంది నెలలు నిండిన ఆడవాళ్లు. మంచినీళ్ల బావినిండా ఉప్పునీళ్లు. వానతొట్టిలో నీళ్లని, కూలిన తాటి మొద్దుల మంట మీద కాచి, చల్లార్చి, గ్లాసుతో లెక్కగా పోసేవారు. మండుతున్న మొద్దు పక్కకి దొర్లి గుండిగ ఒరిగితే, చేత్తో ఆపారు. అంత చెయ్యి కాలినా ఆ నీళ్లు పోనివ్వలేదు."

వసారా కింద అప్పటికే ఊరు చేరింది. అందులోంచి ఒకామె ముందుకొచ్చింది. పేరు మంగాయమ్మ. ఎండకి కమిలిన మొహం, గట్టి గొంతు.

"నేను చెబుతా రాసుకోండి బాబూ. నా మొగుణ్ణి ఉప్పెన పట్టుకుపోయింది. మూడోరోజు నొప్పులొచ్చాయి. బిడ్డ అడ్డం తిరిగింది. పొద్దుటినుంచీ అమ్మ నా దగ్గరే. అప్పుడు ఆవిడ అన్నగారు పడవలో వచ్చాడు. 'తంతి వచ్చింది, వేరే తారీకు ఇచ్చారు, రేపు రైలెక్కకపోతే ఆ ఉద్యోగం ఇంకెవరికో ఇచ్చేస్తారు, నీ పిల్లల మొహం చూడు' అని ఈ మెట్ల మీద నిలబడి కేకలేశాడు. నాకు నొప్పుల్లో కూడా వినబడింది. ఇంక ఈవిడ వెళ్లిపోద్ది, నేను చచ్చిపోతాను అనుకున్నా. 'వీళ్లని ఎవరికి అప్పజెప్పి రానన్నా' అంది. నా చెయ్యి వదల్లేదు."

మంగాయమ్మ ప్రభుదాసు వైపు తిరిగింది.

"మీరేనా అబ్బాయిగారు? నా బిడ్డ ఏడుపు వినబడ్డాక అమ్మ గోడవైపు తిరిగి కూలబడి ఏడ్చింది బాబూ. ఎందుకమ్మా అంటే, 'మా దాసు తెలివైనవాడే, పెద్ద చదువు చదివించాలనుకున్నాను, ఇవాళ వాడి చదువు తీసి మీకు పెట్టేశాను, వాడు నన్ను క్షమించడు' అంది. అందుకే నా కొడుక్కి మీ పేరు పెట్టుకున్నా. మీ చదువు తిని బతికినోడు వాడు."

గౌరీశంకరం కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. "తొమ్మిదికి తొమ్మిదీ దక్కాయండీ. తల్లులూ దక్కారు. నేను ఇంత చదువుకున్నాను, అలాంటిది ఎక్కడా చూడలేదు."

తరగతి గదిలోంచి పిల్లలు ఒక్కొక్కరే వసారాలోకి వచ్చారు. జడలు వేసుకున్న ఆడపిల్లలు, నూనూగు మీసాల మగపిల్లలు. తొమ్మిదిమంది. వరసగా వచ్చి రాహేలమ్మ చుట్టూ నిలబడ్డారు. అందులో పొడుగ్గా ఉన్నవాడి ఉంగరాల జుట్టులో ఆమె వేళ్లు దూర్చి "తల దువ్వుకోవేంరా దాసూ" అంది.

ఆ పిలుపుకి ఇద్దరు దాసులూ, ప్రభుదాసూ కూడా ఒకేసారి తలెత్తారు.

ప్రభుదాసు ఆ తొమ్మిది మొహాలనీ చూశాడు. తన ఇంజనీరింగు సీటు గురించి అతను లెక్కలేనన్నిసార్లు ఊహించుకున్నాడు: వంతెనలు కట్టినట్టు, జీపులో తిరిగినట్టు. ఆ చదువు ఎక్కడికి పోయిందో ఇన్నాళ్లూ తెలియలేదు. అది ఇక్కడుంది. ఊపిరి తీస్తోంది, సిగ్గుపడుతోంది, కాలి బొటనవేలితో నేల రాస్తోంది. చర్చిలో చిన్నప్పుడు పెద్దగంట మోగినప్పుడు గుండెలో కలిగే దడ మళ్లీ కలిగింది. ఇంట్లో ఇడ్లీపిండి రుబ్బి, మనవల గుడ్డలు ఉతికే ఈ మనిషి ఎవరు? తను ఇన్నేళ్లూ అమ్మా అని పిలిచింది ఎవర్ని?

కోటేశ్వరరావు గొంతు సవరించుకున్నాడు. "ఇద్దరి సంతకాలు చాలండీ." కాని మంగాయమ్మ వేలిముద్ర వేశాక గడ్డి మోపు ముసలాయన వేలు చాపాడు, ఆయన వెనక మరొకామె. కానిస్టేబులు వద్దనలేక సంచిలోంచి తెల్లకాగితం తీసి జతచేశాడు. ప్రవర్తన అని ఉన్నచోట చాలాసేపు కలం పట్టుకుని ఆలోచించి, చివరికి 'మంచిది' అని రాసి, ప్రభుదాసుకి చూపించాడు. "ఇంతకంటే పెద్దమాట రాయడానికి చోటు లేదండీ మాస్టారూ. ఏమనుకోకండి."

సాయంత్రం తెనాలి పాసింజరులో జనం పల్చగా ఉన్నారు. ఊళ్లోవాళ్లు పెట్టిన ఎండుచేపల పొట్లం రాహేలమ్మ ఒళ్లో ఉంది. ప్రభుదాసు ఎదుటి బల్ల మీద కూర్చుని ఆమె కాలిన చేతినే చూస్తున్నాడు.

"నాకెందుకు చెప్పలేదమ్మా? మావయ్య నిన్ను పిరికిదాన్ని చేస్తుంటే ఊరుకున్నావ్."

"చెబితే నువ్వు నన్ను మెచ్చుకోవాల్సొచ్చేది. నీ సొత్తు తీసి ఖర్చుపెట్టి, పైగా నీచేత మెచ్చుకోలు కూడానా? కోప్పడే హక్కైనా నీకు మిగలాలనుకున్నాను."

రైలు కాలవ వంతెన దాటుతోంది. అతను అడిగాడు.

"మళ్లీ ఆ రోజే వస్తే?"

రాహేలమ్మ కిటికీలోంచి బయటికి చూసింది. అబద్ధం చెప్పడం ఆమెకి చేతకాదు.

"మళ్లీ అదే చేస్తాను నాయనా. మళ్లీ నీ ముందు ఇలాగే తల వంచుకుని బతుకుతాను."

ప్రభుదాసు లేచి వచ్చి ఆమె పక్కన కూర్చున్నాడు. ముప్ఫై రెండేళ్ల మనిషి, ఇద్దరు పిల్లల తండ్రి, పదిమంది చూస్తుండగా తల్లి భుజం మీద మొహం పెట్టి ఏడ్చాడు.

"వంచకమ్మా" అన్నాడు. "ఇంకెప్పుడూ నా ముందు తల వంచకు. నేను తలెత్తి చూడాల్సిన మనిషివి నువ్వు."

ఆమె అతని తల నిమిరింది. ఎదుటి సీటులో ఎవరో ముసలామె "ఏంటమ్మా, అబ్బాయికి ఏమైంది?" అని అడిగింది.

"ఏం లేదండీ" అంది రాహేలమ్మ, కళ్లు తుడుచుకుంటూ. "మా పెద్దాడు. చాలాకాలానికి ఇంటికొచ్చాడు."