పన్నెండు గంటల లైవ్‌లో కాడ్ చేప

"వాడు టీవీలో 'కాడ్ చేప' అన్నాడా, మన జలాంతర్గాముల సోనార్ డ్రాయింగులు సాయంత్రానికి సముద్రం దాటేస్తాయి," అన్నాడు కల్నల్ పాంక్రాతోవ్.

1997 మార్చి, ఆదివారం, ఉదయం పదకొండున్నర. కారు రష్యా ఉత్తరాన ఉన్న రేవు పట్టణం మూర్మాన్స్క్‌లో టీవీ స్టేషన్ వెనక గేటు దగ్గర ఆగి ఉంది. వెనక సీట్లో ఏజెంట్ తైసియా మేకప్ పెట్టె ఒళ్లో పెట్టుకుని కూర్చుంది.

వాడంటే డెప్యూటీ గ్లెబ్ స్తారొదూబ్. పార్లమెంటు రక్షణ కమిటీ సభ్యుడు. ప్రతి ఆదివారం పన్నెండింటికి లైవ్‌లో ప్రజలతో మాట్లాడతాడు. విదేశీ ముఠాకి అమ్ముడుపోయిన షిప్‌యార్డ్ ఇంజనీరు ఒకడు ఆ కార్యక్రమం చూస్తుంటాడు. కాడ్ అని వినబడితే డ్రాయింగులతో మూడో రేవులోని విదేశీ ఓడ ఎక్కుతాడు. సాల్మన్ అని ఇంకో చేప పేరు వినబడితే రైల్వే స్టేషన్‌లో పద్నాలుగో లాకర్ దగ్గరికి వస్తాడు.

"రేవులో రెండు వేల మంది. మొహం తెలియనివాణ్ణి ఎలా పట్టుకుంటాం? లాకర్ దగ్గరికైతే వచ్చేది వాడొక్కడే. ప్రసారం ఆపితే మాయమైపోతాడు. కాబట్టి గ్లెబ్ ప్రెస్ సెక్రటరీ ఇలోనా, అతను చూసి చదివే ప్రాంప్టర్ తెర మీద మాట మార్చేస్తుంది. ఏడాదిగా ఆవిడ మన మనిషే. నువ్వు చూసి రూఢి చేస్తే చాలు."

"సరే సార్."

"నీకు గ్లెబ్ అంటే కోపం. ఇంకెవరినైనా పంపనా?"

"నేనే వెళ్తాను."

ఎనిమిదేళ్ల క్రితం 'పుర్గా' అనే చేపల ఓడ మునిగింది. పోయినవాళ్లు పదకొండు మంది, అందులో తైసియా అన్న రొదియోన్ ఒకడు. అధికారులు తుఫాను అన్నారు. గ్లెబ్ అనే కుర్ర విలేఖరి మాత్రం, తుప్పుపట్టిన ఓడని తెలిసి తెలిసీ పంపారని పదకొండు పేర్లతో సహా రాశాడు. తైసియా తల్లి ఆ కాగితాన్ని దేవుడి పటం వెనక దాచుకుంది. ఆ వ్యాసంతోనే గ్లెబ్ ఎన్నికల్లో గెలిచాడు. ఆ తల్లీ వాడికే ఓటేసింది. గెలిచాక వాడు పుర్గా ఊసే ఎత్తలేదు.

మేకప్ గదిలో గ్లెబ్ అద్దంలోంచి కళ్లు తిప్పలేదు. "కళ్ల కింద ఉబ్బు కనబడకూడదమ్మాయ్."

"పుర్గా మీద మీ వ్యాసం చదివాను, గ్లెబ్ గారూ."

"అదా! కుర్రతనం. ఆ రోజుల్లో పని లేక రాశాను."

తైసియా చేతిలో పౌడర్ బ్రష్షు పుటుక్కున విరిగింది. ఇంకో బ్రష్షు తీసుకుని పని ముగించి, అతని చెవిలో ఇయర్‌పీస్ అమర్చింది.

పన్నెండయింది. కంట్రోల్ రూమ్ అద్దం వెనక నిలబడి ప్రాంప్టర్ చూసింది. అక్షరాలు పైకి జరుగుతున్నాయి. కింద నుంచి వస్తున్న వరసలో 'కాడ్' అనే ఉంది!

"మీ కల్నల్ ఎంత అమాయకుడో," చెవి పక్కనే ఇలోనా గొంతు. ఎర్ర గౌను, ఖరీదైన సెంటు. తైసియా నడుముకి చల్లగా పిస్టల్ ఆనింది. "కదలకు. ఇంకో అర నిమిషం."

తైసియా కదిలింది. పౌడర్ డబ్బా ఇలోనా మొహాన కొట్టింది. ఇలోనా కళ్లు మూసుకుని దగ్గుతుంటే మణికట్టు మెలితిప్పి, నేలకి అదిమిపెట్టింది. పిస్టల్ బల్ల కిందికి జారిపోయింది. రెండో చేత్తో డబ్బా అడుగున ఉన్న చాటు మూత తెరిచింది. అందులో ట్రాన్స్‌మిటర్. అది పలికేది గ్లెబ్ చెవిలోనే.

"ఒరేయ్ గ్లెబ్, నీ తలుపు బయట తుపాకులున్నాయి. కాడ్ అన్నావా, నడిచి బయటికి రావు. సాల్మన్ అను."

తెర మీద గ్లెబ్ నవ్వు అలాగే ఉంది. నుదుటి మీద పౌడర్ కరిగి కారింది.

"ఈ ఏడాది మన ప్రతి బల్ల మీదా..." ఆగాడు. ఒక సెకను. రెండు. "...సాల్మన్ ఉండాలి!"

పన్నెండూ నలభైకి పద్నాలుగో లాకర్ ముందు ఇంజనీరు చేతులెత్తాడు.

స్టూడియోలో బేడీలు వేస్తుంటే గ్లెబ్ గొంతు సవరించుకున్నాడు. "చివరికి నేను దేశం వైపే నిలబడ్డాను. రిపోర్టులో ఆ మాట రాయండి."

"పుర్గాలో పోయిన పదకొండు మందిలో ఒక్క పేరు చెప్పు, రాస్తాను," అంది తైసియా.

గ్లెబ్ నోరు తెరిచాడు. ప్రాంప్టర్ వైపు చూశాడు. అది ఆగిపోయి ఉంది.

సోమవారం పత్రికల్లో చిన్న వార్త వచ్చింది: అనారోగ్య కారణాల వల్ల డెప్యూటీ స్తారొదూబ్ రాజీనామా. తైసియా రెండుసార్లు చదివి, ఇంత నున్నగా అబద్ధం రాసినవాడు వచ్చే ఎన్నికల్లో తప్పకుండా నిలబడతాడు అనుకుంది.