కంప్యూటర్ పేరు సరిపోలేదు

గూఢచారి సంస్థ చీఫ్‌కి పెన్ను మూత కొరికే అలవాటుంది. ఆ ఉదయం అలాగే కొరికి, కుర్చీలోంచి కూలిపోయాడు. విదేశీ ముఠా మనిషెవరో మూతకి విషం పూశారు.

"విరుగుడు మందులు మూడున్నాయి," అంది డాక్టర్. "ఒక్కటే ఈ విషం అణువుని పట్టి కట్టేస్తుంది. తప్పుది ఎక్కిస్తే మనిషి దక్కడు. చీకటి పడేలోపు ఏదో చెప్పండి."

ఆ లెక్క తేల్చే కెమిస్ట్రీ సాఫ్ట్‌వేర్ ఉన్న ఆఫీసు సర్వర్లని ముఠా ముందే తగలబెట్టింది. ఏజెంట్ డేగకి అక్క గుర్తొచ్చింది. ఆవిడ కెమిస్ట్రీ లెక్చరర్. అదే సాఫ్ట్‌వేర్‌కి ఇంటి కంప్యూటర్ పేరు మీద లైసెన్స్ తెప్పించుకుంది. ఇన్‌స్టాల్ చేయడానికే తీరిక దొరకలేదు.

కదిలే రైలు మీంచి దూకే డేగ, అక్క గదిలో ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుని, సాఫ్ట్‌వేర్ ఇన్‌స్టాల్ అవుతుంటే తెర మీద పాకే పచ్చగీతని చూస్తూ ఉండిపోయాడు. వాచీలో కెమెరా, బూటులో కత్తి ఉన్నాయి. గీతని ముందుకు తోసే పరికరం మాత్రం లేదు. చిత్రహింసలు పెట్టినా దేనికీ ఒప్పుకోని మనిషి, 'అంగీకరిస్తున్నాను' అన్న చోటల్లా చదవకుండా నొక్కేశాడు పాపం.

చివర్లో ఎర్ర అక్షరాలు వెలిగాయి: 'కంప్యూటర్ పేరు సరిపోలేదు. లైసెన్స్ చెల్లదు.'

ఫోన్ స్పీకర్లో డాక్టర్‌తో పాటు నెమలి ఉంది. ఆఫీసు కంప్యూటర్ నిపుణురాలు. ఆమె కారిడార్లో నడిస్తే గుమాస్తాల చేతుల్లో ఫైళ్లు జారిపోయేవి.

"కొత్త లైసెన్స్ ఇవ్వాల్సిన కంపెనీకి ఇవాళ సెలవు," అంది నెమలి తీయగా. "ఇక చేసేదేం లేదు డేగా."

"అక్కా, దీని పేరేమైనా మార్చావా?"

"నేనెందుకు మారుస్తాన్రా? మొన్న సర్వీసింగ్‌కని మాస్కు పెట్టుకుని ఒకమ్మాయి వచ్చింది. అదేమన్నా కెలికిందేమో."

"పాత పేరేంటి?"

అక్క ఫోన్ వైపు చూసి నసిగింది. "వాళ్లంతా వింటున్నార్రా."

"అవతల చీఫ్ ప్రాణం పోతోందే!"

అక్క అతని చెవిలో చెప్పింది. డేగ మొహం కందగడ్డయింది. "ఛీ, ఆ పేరా? ఇంకేం దొరకలేదా నీకు?"

"అదీ చిన్నప్పటి నీలాగే. పిలిస్తే ఓ పట్టాన పలకదు."

ఫోన్లో నెమలి కిలకిలా నవ్వింది. "అబ్బో, ఎంత సిగ్గో మా చీమిడిముక్కుగారికి!"

అక్కాతమ్ముళ్లు మొహమొహాలు చూసుకున్నారు. ఆ పేరు ఎవరూ పైకి అనలేదు.

అవతల నవ్వు టక్కున ఆగింది. డేగ వాచీ అంచున ఉన్న అలారం మీట నొక్కాడు. ఆఫీసు తలుపులన్నీ ధడాలున మూసుకున్న చప్పుడు ఫోన్లోనే వినిపించింది.

పాత పేరు పెట్టగానే లైసెన్స్ కిక్కురుమనకుండా ఒప్పుకుంది. అక్క అణువులు ఎక్కించి లెక్క మొదలుపెట్టింది. మళ్లీ పచ్చగీత. డేగ గోళ్లు కొరుక్కున్నాడు, నిలబడ్డాడు, కూర్చున్నాడు. కిటికీ అవతల వెలుగు తగ్గిపోతోంది. ఏడుపొక్కటే తక్కువ.

"ఇక ఆగలేను. మొదటిది ఎక్కించేస్తున్నా," అంది డాక్టర్ ఫోన్లో.

"వద్దు! రెండోది!" అరిచింది అక్క. "రెండోదే పట్టేసింది!"

మర్నాడు ఆస్పత్రి మంచం మీద చీఫ్ కళ్లు తెరిచాడు. డేగ తల దించుకుని నిలబడ్డాడు.

"నెమలి నా కోడ్ నేములన్నీ ముఠాకి అమ్మేసింది సార్. కొత్తదేదైనా ఇప్పించండి."

"ఎందుకూ?" అన్నాడు చీఫ్ నీరసంగా. "నీ పేర్లన్నిట్లో లైసెన్స్ ఉన్నది ఆ చీమిడిముక్కు ఒక్కదానికే కదయ్యా!"